మూత తీయరాదు

సన్నటి వేడిమీద గంటల తరబడి వండే కరెంటు పాత్ర స్లో కుక్కర్‌ను కనిపెట్టిన పెద్దమనిషి తెలుగువారి వంటింట్లో ఒక్క పూటైనా గడిపి ఉండడని నా నమ్మకం. అమెరికాలోని షికాగో నగరంలో ఇర్వింగ్ నాక్సన్ అనే ఇంజనీరు 1940లో దానికి పేటెంటు పొందాడు. లిథువేనియా నుంచి వచ్చిన ఆయన తల్లి చెప్పిన ముచ్చట దానికి మూలమంటారు. యూదులకు విశ్రాంతి దినమైన శనివారం నాడు పొయ్యి వెలిగించకూడదు కనుక, శుక్రవారం పొద్దు గుంకకముందే గింజలూ దుంపలూ మాంసమూ కుండలో వేసి ఊళ్లోని రొట్టెల బట్టీలో పెట్టి వచ్చేవారట. బట్టీలో మిగిలిన వేడికే రాత్రంతా ఉడికిన ఆ కుండను మర్నాడు ఇంటికి తెచ్చుకునేవారట. నాక్సన్ తన పాత్రకు బీన్స్ పేరే కలిసివచ్చేలా ‘బీనరీ’ అని నామకరణం చేశాడు. తరువాత రైవల్ కంపెనీ ఆయన వ్యాపారాన్ని కొని, 1971లో దానినే క్రాక్‌పాట్ అనే పేరుతో బజారులోకి తెచ్చాక అది అమెరికాలో ఇంటింటికీ చేరింది. గింజలు వేయడం, మూత పెట్టడం, అక్కడి నుంచి వెళ్లిపోవడం, దాని వాడకమంతా ఇంతే. వీటిలో మొదటి రెండూ మనవాళ్లకు బాగానే వచ్చు.

మా అమ్మాయీ అల్లుడూ డాలస్ పక్కన ప్లేనోలో ఉంటారు. మేము వారింటికి వెళ్లినప్పుడు ఫిబ్రవరి నెల, అమెరికన్ ఫుట్‌బాల్ ఫైనల్ అయిన సూపర్ బౌల్ ఆట జరిగే ఆదివారం రాబోతోంది. ఆ సాయంత్రం అల్లుడి సహోద్యోగి ఒకరి ఇంట్లో అందరూ చేరి టీవీలో ఆట చూడాలనీ, తలా ఒక వంటకం పట్టుకెళ్లాలనీ ఏర్పాటు. మావాడు ఏ ధైర్యంతోనో చీజ్ వేసిన రీఫ్రైడ్ బీన్స్ తెస్తానని మాట ఇచ్చి వచ్చాడు. పింటో బీన్స్ అనే ఎండు గింజలను మెత్తగా ఉడికించి, మెదిపి, కొవ్వులో వేయించే ఆ వంటకం మెక్సికోది; దానిమీద ఇంత చీజ్ గుమ్మరించి, కరగనిచ్చి, మొక్కజొన్న చిప్స్‌తో తోడుకుని తినడం టెక్సాస్ వారి ముచ్చట. డబ్బాలో దొరికేదే కదా, వేడి చేసి తీసుకుపోదామని అల్లుడి ఆలోచన. కాని ఆ డబ్బాను దుకాణంలో మా ఆవిడ చేతికి ఇవ్వడం జరిగింది. ఆమె కళ్లజోడు సవరించుకుని వెనకవైపు సన్నటి అక్షరాలు కూడబలుక్కుని చదివి, ‘లార్డ్’ అంటే ఏమిటని అమ్మాయిని అడిగింది. పంది కొవ్వని తెలిసిన మరుక్షణం ఆ డబ్బాను రెండు వేళ్లతో అలమరలో యథాస్థానంలో పెట్టి, చేతులు తుడుచుకోవడానికి కాగితం కోసం వెతికింది. పక్కనే శాకాహారపు డబ్బాలు కూడా బారులు తీరి ఉన్నాయి గాని, ఇక ఆ అలమర మొత్తంమీద ఆమెకు నమ్మకం పోయింది.

దానితో అల్లుడు గింజలు కొని, కొత్తగా తెచ్చుకున్న స్లో కుక్కర్‌ను అటకమీది నుంచి దించాడు. కొత్తది అటకమీద ఎందుకుందని అడగడం మర్యాద కాదు కాబట్టి నేను అడగలేదు. అయితే రసాయనశాస్త్రం బోధించి పదవీ విరమణ చేసినవాణ్ణి కనుక ఒక్క సంగతి మాత్రం చెప్పకుండా ఉండలేకపోయాను. పింటో బీన్స్, మనం వాడే రాజ్మా ఒకే జాతి గింజలు. వాటిలో ఫైటోహీమాగ్లుటినిన్ అనే విషపదార్థం ఉంటుంది; రాజ్మాలో అది మరీ ఎక్కువ. గింజలను నానబెట్టి, ఆ నీళ్లు పారబోసి, మంచినీళ్లలో తెర్లేటట్లు అరగంట మరిగిస్తే అది పోతుంది. మరగని సన్నటి వేడిలో ఉంచితే మాత్రం పోకపోగా కొన్నిసార్లు ఇంకా పెరుగుతుంది. కాబట్టి పచ్చి గింజలను సరాసరి స్లో కుక్కర్‌లో వేయకూడదని ఉపన్యసించాను. మామగారి మాట కాదనలేక అతడు శనివారం రాత్రే గింజలను నానబోసి, ఆదివారం తెల్లవారుజామున లేచి పొయ్యిమీద మరిగించి, ఆ తరువాతే కుక్కర్‌లోకి మార్చాడు. ఆవులిస్తూ మూత పెట్టి, హై మీద ఉంచి, “సాయంత్రం నాలుగింటికల్లా వెన్నలా అయిపోతాయి మావయ్యగారూ, మనం అటు కన్నెత్తి చూడనక్కర్లేదు” అని మళ్లీ పడుకోవడానికి వెళ్లాడు. వెళ్లేముందు ఒక పచ్చ కాగితం మీద ‘మూత తీయరాదు’ అని తెలుగులోనే రాసి కుక్కర్ మీద అంటించాడు. ఇంట్లో ఉన్నది నలుగురం. ఆంగ్లంలో రాయకపోవడాన్ని బట్టి ఆ ఆజ్ఞ ఎవరిని ఉద్దేశించినదో అందరికీ అర్థమైంది.

ఇక్కడ మా ఆవిడ పక్షాన ఒక మాట చెప్పాలి. నలభై ఏళ్లుగా ఆమె వంట చెవితో చేస్తోంది. కందిపప్పుకు ఇన్ని విజిళ్లు, శనగలకు ఇన్ని అని లెక్క. హాల్లో కూర్చుని ఫోనులో మాట్లాడుతూ కూడా మధ్యలో “మూడోది వచ్చింది, కట్టేయండి” అనగలదు. స్లో కుక్కర్ కూత పెట్టదు, బుసకొట్టదు, కనీసం మూతైనా కదిలించదు. దాని గాజు మూతకు లోపలివైపు ఆవిరి బొట్లు దట్టంగా పట్టి లోపలేముందో కనిపించదు. మూతమీద వేలితో రెండుసార్లు తడితే బొట్లు జారి, కాసేపు కాస్త కిటికీ తెరుచుకున్నట్లు లోపలి గింజలు కనబడతాయి. మొదట ఆమె తట్టి చూసి ఊరుకుంది. తరువాత వాసన రావడం లేదని తీసింది. ఆ తరువాత వాసన వస్తోందని తీసింది. అమ్మాయి నీళ్లు చాలాయో లేదోనని తీసింది. పదింటికి నిద్ర లేచిన అల్లుడు కూడా, ఎవరైనా మూత తీశారేమో తెలుసుకోవడానికి మూత తీశాడు. తీసిన ప్రతిసారీ కూడబెట్టుకున్న ఆవిరంతా బయటికి పోయి, వంట మరో ఇరవై నిమిషాలో అరగంటో వెనక్కి వెళుతుందని దానితో వచ్చిన పుస్తకంలోనే ఉంది. ఆ లెక్కన మధ్యాహ్నానికి మా బీన్స్ దాదాపు పొద్దున్నకు చేరుకుని ఉంటాయి.

భోజనాలయ్యాక మా ఆవిడ గరిటెతో నాలుగు గింజలు తీసి, ఒకదాన్ని వేళ్ల మధ్య నొక్కింది. అది చితకలేదు సరికదా, జారి ఎగిరి ఫ్రిజ్ కిందికి పోయింది. మళ్లీ గరిటె పెట్టి అడుగునుంచి కలిపేసరికి ఎర్రటి ముక్కలు పైకి తేలాయి.

“టమాటాలు ఎవరు వేశారండీ?” అని నన్ను అడిగింది. అల్లుడు పక్కనే నిలబడి ఉన్నాడు. కాని అల్లుణ్ణి నిలదీయడం మా ఇళ్లలో ఆచారం కాదు. అతనికి చెప్పదలచుకున్నవన్నీ నాకు చెబుతుంది.

“నేనే అత్తయ్యగారూ, పచ్చిమిర్చి కలిపిన టమాటా డబ్బా ఒకటి మొదట్లోనే వేశాను. రుచి బాగా పడుతుందని” అన్నాడతను.

“మంచిదే బాబూ, మీరు ఆలోచించే వేసుంటారు” అని ఆమె నావైపు తిరిగింది. “పులుపు పడ్డాక పప్పు ఉడుకుతుందాండీ? మీరు చెప్పొద్దూ! అన్నేళ్లు పాఠాలు చెప్పి ఏం లాభం?”

ఆమె మాట అక్షరాలా నిజం. గింజల్లోని కణాలను అతికించి ఉంచే పెక్టిన్ పులుపులో సులభంగా కరగదు. చెత్తబుట్టలోంచి ఆ ఖాళీ డబ్బా తీసి చదివితే, టమాటాలతోపాటు సిట్రిక్ ఆమ్లం, ముక్కలు చితికిపోకుండా గట్టిగా నిలవడానికి వేసే కాల్షియం క్లోరైడ్ కూడా ఉన్నాయి. టమాటాను గట్టిపరిచే ఆ కాల్షియం బీన్స్ తోలును మాత్రం ఎందుకు వదిలిపెడుతుంది? అంటే పొద్దుటినుంచి మేము మూత తీసినా తీయకపోయినా ఆ గింజలు ఉడికేవి కావు. పైగా మూత తీయబట్టే అసలు రోగం బయటపడింది. ఈ ముక్క మా ఆవిడ ఆ సాయంత్రమంతా, ఆ తరువాతి రోజుల్లో కూడా, సందర్భం దొరికినప్పుడల్లా గుర్తుచేస్తూనే వచ్చింది.

ఆట మొదలయ్యేది అయిదున్నరకు. ప్రెషర్ కుక్కర్‌లోకి మారుద్దామని అమ్మాయి అంటే, అల్లుడు స్లో కుక్కర్ వంటకమని అక్కడ చాటుకుని వచ్చానన్నాడు. మా ఆవిడ మారు మాట్లాడకుండా వంట సోడా డబ్బా తీసింది. శనగలు మొండికేసినప్పుడు ఆమె వాడే మందు అదే. “చిటికెడు వేస్తాను” అంది. ఆమె చిటికెడు అనడం నేను విన్నాను, చెంచాడు వేయడం కూడా చూశాను. సోడా, ఆమ్లం కలిస్తే బొగ్గుపులుసు వాయువు పుడుతుందని పదో తరగతి పిల్లవాడు కూడా చెప్పగలడు. నేను చెప్పడానికి నోరు తెరిచేలోపే అది పుట్టింది. పుస్తకం మూడింట రెండు వంతులకు మించి నింపవద్దంటే అల్లుడు అంచుదాకా నింపాడు. బీన్స్ భోగినాటి పొంగలికన్నా ఉత్సాహంగా లేచి, గోధుమరంగు నురుగుతో అంచు దాటి, పచ్చ కాగితాన్ని తడిపి, మీటల మీదుగా కారి, గట్టంతా పరుచుకుని, సొరుగు తెరిచి ఉన్నందున చెంచాల్లోకి దిగాయి. అల్లుడు వైరు పీకాడు. అమ్మాయి కాగితాల చుట్ట పట్టుకుని పరుగెత్తుకొచ్చింది. “ఏం ఫరవాలేదు, కాస్త తగ్గనివ్వండి” అని మా ఆవిడ మాత్రం నిలకడగా గరిటె తిప్పుతూ ఉండిపోయింది.

నిజంగానే తగ్గాయి. పులుపు విరిగింది, సోడా పనిచేసింది. వైరు తిరిగి పెట్టిన గంటన్నరకు గింజలు వేలికి లొంగాయి. అమ్మాయి ఎప్పుడో ఇండియా నుంచి తెచ్చుకున్న పప్పుగుత్తి బయటికి వచ్చింది. మా ఆవిడ బాణలిలో నెయ్యి కాచి, చితక్కొట్టిన వెల్లుల్లి, జీలకర్ర, రెండు హలపీన్యో మిరపకాయలు వేసి తాలింపు పెట్టి, మెదిపిన ముద్దను అందులో వేయించింది. టెక్సాస్ పద్ధతికి ఇది మరీ దూరమేమీ కాదు. వాళ్లూ వెల్లుల్లి, జీలకర్ర వాడతారు, కొవ్వు ఒక్కటే వేరు. అంతా మళ్లీ కుక్కర్‌లోకి చేరాక అల్లుడు సంచీలో తురిమి అమ్మే చెడ్డర్, మాంటెరీ జాక్ చీజ్ రెండూ గుమ్మరించాడు.

ఆ తురుము ఉండ కట్టకుండా దానిమీద పిండిపదార్థాలు చల్లి అమ్ముతారు. అందువల్ల అది నున్నగా కరగదని అమ్మాయి ముందే హెచ్చరించింది. కాని కలిపేకొద్దీ చీజ్ ఎక్కడా ముద్దకట్టకుండా, నూనె తేలకుండా, తళతళలాడుతూ బీన్స్‌లో కలిసిపోయింది. నాకు విషయం స్ఫురించి వంటింట్లోనే చిన్న కేక వేశాను. సిట్రిక్ ఆమ్లం మీద వంట సోడా పడితే నురుగు ఒక్కటే కాదు, సోడియం సిట్రేట్ కూడా పుడుతుంది. 1911లో స్విట్జర్లాండులోని తూన్ పట్టణంలో వాల్టర్ గెర్బర్, ఫ్రిట్జ్ స్టెట్లర్ అనే ఇద్దరు ప్రాసెస్డ్ చీజ్ తయారు చేసింది ఆ లవణంతోనే. చీజ్‌లోని మాంసకృత్తులను బిగపట్టి ఉంచే కాల్షియాన్ని అది లాగేసుకుంటుంది. అప్పుడు కొవ్వు, నీరు విడిపోకుండా కలిసి నిలుస్తాయి. ఈ వివరణ అంతా పూర్తిచేసి చూసేసరికి ముగ్గురూ చెప్పులు వేసుకుని కారు దగ్గర నిలబడి ఉన్నారు.

విందులో ఆ పాత్ర అన్నిటికన్నా ముందు ఖాళీ అయింది. తిరిగి వచ్చే దారిలోనే అమ్మాయి ఫోనుకు ఆ ఇంటావిడ నుంచి సందేశం వచ్చింది, బీన్స్ ఎలా చేశారో చెప్పమని. సన్నటి వేడిమీద రోజంతా ఉంచడమే రహస్యమని రాయమన్నాడు అల్లుడు. వంట సోడా సంగతి ముందు రాయమంది మా ఆవిడ. చెంచాడు సోడా అని ఊరికే రాస్తే వాళ్ల గట్టు కూడా పాడవుతుందనీ, ఆమ్లం ఎంతో తెలియకుండా సోడా కొలత చెప్పడం అశాస్త్రీయమనీ నేను వారించాను. ముగ్గురం ఒకేసారి చెబుతుండగా అమ్మాయి చకచకా ఏదో కొట్టి పంపించి ఫోను సంచీలో పడేసింది.

“ఏం రాశావమ్మా?” అన్నాను.

“డబ్బాలో కొన్నామని రాశాను నాన్నా.”

ఇల్లు చేరేలోపే జవాబు వచ్చింది. ఏ కంపెనీ డబ్బానో చెప్పమన్నారు.