చిల్లర లేదండీ, చాక్లెట్ తీసుకోండి

అజ్టెక్ సామ్రాజ్యం 1521లో కూలిపోయిందని పుస్తకాల్లో రాస్తారు. తప్పు. అది విశాఖపట్నం ఎంవీపీ కాలనీలో, మా వీధి చివరి మందుల షాపులో, ఏసీ కింద చల్లగా బతికే ఉంది.

అజ్టెక్‌లు ఏలిన మెక్సికోలో ఒకప్పుడు, చాక్లెట్‌కి మూలమైన కోకో గింజే డబ్బు. అక్కడి త్లాస్‌కాలా అనే ఊళ్లో 1545 నాటి ధరల పట్టిక ప్రకారం టర్కీ కోడిపెట్ట 100 గింజలు, దాని గుడ్డు 3, పెద్ద టమాటా 1. ఆ ఘన సంప్రదాయాన్ని మా షాపాయన నిలబెడుతున్నాడు. బిల్లు 97, నేనిచ్చింది 100. "చిల్లర లేదండీ" అంటూ సీసాలో చెయ్యి పెట్టి మూడు చాక్లెట్లు తీసిచ్చాడు. ఇంతకీ నేను కొన్నవి షుగర్ మాత్రలు.

డబ్బన్నాక అటూ ఇటూ చెల్లాలి కదా! ఆర్నెల్లు దాచాను. 41 అయ్యాయి. కవర్లో పోసుకెళ్లి, 40 రూపాయల దగ్గు మందు అడిగి, కౌంటర్ మీద గుమ్మరించాను. మన సముద్రపు ఉక్కకి సగం కాగితాలకు అతుక్కుపోయాయి.

"లెక్క చూసుకోండి, ఒకటి ఎక్కువే ఉంటుంది."

"ఇవి చెల్లవు సార్."

"మీరిచ్చినవే కదా?"

"మేమిస్తే చెల్లుతాయి సార్."

రిజర్వ్ బ్యాంకు గవర్నరుకైనా ఇంత ధీమా ఉంటుందా? వెనకనించి ఒకాయన, "ఫోన్‌పే కొట్టేయొచ్చు కదా మాస్టారూ!" సలహాకి మాత్రం చిల్లర కొరత లేదు.

అజ్టెక్‌ల కాలంలోనూ దొంగ డబ్బుండేది. గింజ లోపలిది తీసేసి మట్టి కూరేవారు. మావాడు నాలుగాకులు ఎక్కువే చదివాడు. కళ్లద్దాలు పెట్టుకుని కాగితం చదివాను: పంచదార, గ్లూకోజ్, మామిడి ఫ్లేవర్. కోకో ఊసే లేదు. (కాగితం చుట్టిన ప్రతి తీపిముక్కా మనకు చాక్లెట్టే, అది వేరే సంగతి.) అసలు గింజ పండించే ఏలూరు వైపు రైతులేమో 2025లో గిట్టుబాటు ధర కోసం రోడ్డెక్కారు.

అదే కాలనీ రైతు బజారులో ఆకుకూరలమ్మే ఆవిడ రెండు రూపాయల బిళ్ల కోసం కొంగు ముడి విప్పుతుంది. అందులో లేకపోతే పక్కామె దగ్గర అప్పు తెచ్చి మరీ చేతిలో పెడుతుంది. కంప్యూటర్ బిల్లు కొట్టేవాడికి మూడు రూపాయలు దొరకవా? దొరక్క కాదు, సిగ్గులేక. మూడు రూపాయలకి గొడవేమిటని మనం నోరు మూసుకుంటామని వాడికి తెలుసు. పెన్షన్ డబ్బుతో బీపీ మాత్రలు కొనుక్కునే ముసలమ్మ చేతిలోనూ అవే పెడతాడు. ఆవిడ నోట్లో పళ్లు కూడా లేవురా!

ఆ 41 ఇప్పుడు మా వంటింటి అలమరలో ఉన్నాయి. చీమలు మాత్రం పేచీ పెట్టకుండా తీసుకుంటున్నాయి.