‘ప్రముఖ రౌడీషీటర్’ అను బిరుదు గురించి

ఇటీవల ఒక దినపత్రిక జిల్లా పేజీలో ‘ప్రముఖ రౌడీషీటర్ దారుణ హత్య’ అన్న శీర్షిక చూశాను. హత్య దారుణమని చెప్పడం మనకు అలవాటే. దారుణం కాని హత్య తెలుగు పత్రికల్లో ఇంతవరకు జరిగినట్టు లేదు. నన్ను నిలబెట్టేసింది ఆ ‘ప్రముఖ’ అన్న విశేషణం. ప్రముఖ వైద్యులు, ప్రముఖ న్యాయవాది, ప్రముఖ హరికథా భాగవతార్ అన్న పంక్తిలోనే, అంతే మర్యాదగా, ప్రముఖ రౌడీషీటర్‌కు కూడా విస్తరి వేశారు. అదే పేజీ అడుగున, నలభై ఏళ్లు పిల్లలకు ఛందస్సు చెప్పిన ఒక తెలుగు మాస్టారి మరణవార్త రెండు వాక్యాల్లో ఉన్నది. ఆయనకు ‘రిటైర్డ్’ అన్న మాట మాత్రమే దక్కింది. ప్రముఖుడు కావడానికి ఆయన ఎంచుకున్న వృత్తి సరైనది కాదని వేరే చెప్పనక్కరలేదు.

ప్రముఖులు ఉన్నారంటే అప్రముఖులు, వర్ధమానులు, ఇంకా గుర్తింపునకు నోచుకోనివారు కూడా ఉండి తీరాలి. ఎవరు ఏ శ్రేణికి చెందుతారో తేల్చే సంఘం ఏది, అది ఎన్నాళ్లకొకసారి సమావేశమవుతుంది, సిఫారసు ఎవరు చేస్తారు అన్న వివరాలు పత్రికలవారు పాఠకులకు తెలియజేయవలసి ఉన్నది. అవి తెలిసేలోగా ఆ మాట పుట్టుపూర్వోత్తరాలను విచారిద్దాం.

‘రౌడీ’ అన్నది అమెరికా సరుకు. పందొమ్మిదో శతాబ్దం తొలినాళ్లలో అక్కడి సరిహద్దు అడవుల్లో తిరిగే మొరటు మనుషులను అలా పిలిచేవారు. ‘షీట్’ అంటే కాగితమని పలక పట్టిన పిల్లవాడికీ తెలుసు. చివరనున్న ‘అర్’ ఇంగ్లీషు వ్యాకరణం ప్రకారం ఆ పని చేసేవాడిని సూచించే ప్రత్యయం. ఈ మూడింటినీ అతికించిన ఘనత లండనుది కాదు, న్యూయార్కుది కాదు. అది మన పోలీస్ స్టేషన్ల సొంత తయారీ. లండను వీధిలో ఎవరినైనా ఆపి ‘రౌడీషీటర్’ అంటే ఏమిటని అడిగితే, అల్లరిగా దుప్పట్లు పరిచేవాడేమోనని ఆలోచనలో పడతాడు. అసలు వ్యాకరణం నిజాయితీగా పనిచేస్తే ఈ బిరుదు వేరొకరికి చెందాలి. షీటు తెరిచేది స్టేషన్ అధికారి, అందులో రాసేది ఆయన, బీరువాలో పెట్టి తాళం వేసేది ఆయన, ఏటేటా పొడిగించేది ఆయన కార్యాలయం. అవతలి మనిషికి ఆ కాగితాన్ని కళ్లతో చూసే భాగ్యం కూడా లేదు. షీటుకు సంబంధించిన సకల క్రియలకూ కర్త ఒకరైతే, ‘షీటర్’ అన్న పేరు మాత్రం మరొకరికి దక్కింది.

ఎవరికి షీటు తెరవవచ్చునో ఆంధ్రప్రదేశ్ పోలీస్ మాన్యువల్‌లోని 601వ ఉత్తర్వు చెబుతుంది. తరచుగా శాంతిభంగానికి పాల్పడేవారు, బుద్ధిగా ఉంటామని అధికారి ఎదుట పూచీకత్తు రాసిచ్చి బైండోవర్ అయినవారు, అదే పనిగా ఆడవాళ్లను వేధిస్తూ అసభ్యంగా మాట్లాడేవారు, దుకాణాల వద్ద బెదిరించి డబ్బు వసూలు చేసేవారు, భయపెట్టి ఆస్తులు లాక్కునేవారు, కులమత ఘర్షణలు రెచ్చగొట్టేవారు, చివరకు బ్యాలెట్ పెట్టెలు ఎత్తుకుపోయి శిక్ష పడినవారు కూడా ఆ జాబితాలో ఉన్నారు. జాబితాను తప్పు పట్టడానికి లేదు. ఇందులో చెప్పినట్టే చేసి ఉంటే ఎన్ని ప్రజాప్రతినిధుల కార్యాలయాలు ఖాళీ అయ్యేవో పాఠకులకు నేను లెక్క చెప్పనక్కరలేదు. ఒక స్టేషన్ పరిధిలో నివసిస్తూ ఇతర స్టేషన్ల పరిధుల్లో తిరిగే రౌడీకి ఆ స్టేషన్లన్నింటిలోనూ షీటు పెట్టుకోవచ్చునన్న సదుపాయం కూడా ఇందులోనే ఉన్నది. పేదవాడికి ఒక ఊళ్లో ఉన్న రేషన్ కార్డు పక్క ఊళ్లో చెల్లేలా చేయడానికి ప్రభుత్వాలు ఏళ్ల తరబడి తంటాలు పడ్డాయి గాని, రౌడీషీటుకు ఆ ఇబ్బంది ఏనాడూ లేదు.

ఇంత స్పష్టమైన నిర్వచనం ఉన్న మాట మన మధ్య ఎన్ని అర్థాల్లో బతుకుతున్నదో చూస్తే నిఘంటుకారులు కలం కింద పెట్టవలసిందే. పోలీసు అధికారి నోట అది బెదిరింపు: సంక్రాంతికి కోడిపందేలు ఆడితే షీటు, కాలేజీలో కొట్టుకుంటే షీటు, ఫోనులో పిచ్చి రాతలు రాస్తే షీటు, తాగి బండి నడిపితే షీటు. ఎదుటి పార్టీవారి నోట అది తిట్టు. సొంత పార్టీవారి విషయంలో అదే ‘అక్రమ కేసులకు వెరవని యువనేత’గా తర్జుమా అవుతుంది. వడ్డీ వ్యాపారి దృష్టిలో అది వసూళ్ల ఉద్యోగానికి కావలసిన విద్యార్హత. స్థలం మీద వివాదం నడిపే మధ్యవర్తికి అది పెట్టుబడి. సంతకం చేయనంటున్న ముసలాయన ఇంటి అరుగు మీద ఒక షీటర్‌ను అరగంట ఊరికే కూర్చోబెడితే చాలు, సివిల్ కోర్టులో ఇరవై ఏళ్లు పట్టే దావా ఆ సాయంత్రమే తేలిపోతుంది. గల్లీలోని కుర్రవాడికి మాత్రం అది పట్టా. అర్ధరాత్రి నడిరోడ్డు మీద, కారు బానెట్ పైన కేకు పెట్టి, తల్వారుతో కోసి, ఆ వీడియోను స్వయంగా లోకానికి చూపించుకుని, మర్నాడు ఆ వీడియో ఆధారంగానే అరెస్టయ్యే వేడుకను పట్టాప్రదానోత్సవమనక మరేమనాలి?

ఈ అర్థాలన్నీ ఒకేచోట కలిసి కూర్చునే సన్నివేశం ఆదివారం జరిగే కౌన్సెలింగ్. స్టేషన్ ఆవరణలో షామియానా వేస్తారు, ప్లాస్టిక్ కుర్చీలు వేస్తారు, మైకు పెడతారు. పెళ్లికి పిలిచినట్టు కానిస్టేబులు ఇంటింటికీ వెళ్లి పిలిచి వస్తాడు, తాంబూలం మాత్రం ఇవ్వడు. వచ్చినవారిలో కుర్చీల్లో ఎవరు కూర్చోవాలో, నేల మీద ఎవరు కూర్చోవాలో ఎవరూ చెప్పరు. అయినా ఎవరికివారికి తెలుసు. వేదిక మీద సీఐ గారు, ఎస్సై గారు, పక్కనే తెల్లచొక్కా వేసుకుని శాంతి కమిటీ సభ్యులొకరు. ఆ సభ్యుడిని చూసి కింద కూర్చున్నవారిలో కొందరు లేచి దండం పెడతారు. వారు వృత్తిలోకి వచ్చింది ఆయన చేతుల మీదుగానే. ఆయన షీటు ఏమైందని అడగవద్దు. కొన్ని షీట్లు తడిసిపోతాయి, కొన్నింటిని చెదలు తింటాయి, కొన్నింటిని ఎన్నికల ఫలితాలు తింటాయి.

సీఐ గారు గొంతు సవరించుకుని, మీరందరూ సత్ప్రవర్తనతో మెలగి సమాజానికి ఆదర్శంగా నిలవాలని ఉపన్యసిస్తారు. తరువాత ముఖాముఖి మొదలవుతుంది.

“నువ్వేం చేస్తున్నావురా?”

“ఆటో నడుపుతున్నా సార్.”

“ఆటో ఎవరిది?”

“అద్దెది సార్.”

“రాత్రిళ్లు ఎక్కడుంటావు?”

“ఇంట్లోనే సార్.”

“ఇంట్లో ఎందుకుంటున్నావు? ఏదైనా ప్లాను చేస్తున్నావా?”

ఈ ప్రశ్నకు సరైన సమాధానం భారతదేశంలో ఇంతవరకు ఎవరూ కనిపెట్టలేదు. ఆ పక్కనే చేతికర్ర పట్టుకుని, మనవడి సాయంతో వచ్చిన పెద్దాయన ఉన్నాడు. యువకుడిగా ఉన్నప్పుడు సినిమా హాలు దగ్గర జరిగిన కొట్లాటలో ఆయన పేరు చేరింది. గొడవలకు దూరంగా ఉండాలని ఎస్సై గారు హెచ్చరిస్తే, ఆయన చెవి దగ్గర చెయ్యి పెట్టుకుని “ఆఁ?” అంటాడు. మళ్లీ హెచ్చరిస్తారు. మనవడు చెవిలో అరిచి చెబుతాడు. పెద్దాయన అలాగేనని తల ఊపి, గొడవలు మానుకుంటానని లిఖితపూర్వకంగా వేలిముద్ర వేస్తాడు. టీ వస్తుంది, ముందు వేదికకు, తరువాత కుర్చీలకు. నేల దాకా రాకముందే అయిపోతుంది. చివర గ్రూపు ఫోటో. వెనుక వరుసలో పొడవైనవారు నిలబడండి, ముందు వరుసవారు నవ్వకండి అని ఫోటోగ్రాఫరు సర్దుతాడు. మర్నాటి పత్రికలో ‘రౌడీషీటర్లలో మార్పు రావాలి: సీఐ’ అన్న శీర్షికతో ఆ ఫోటో వస్తుంది. ఆటో డ్రైవరు కూతురు చదివే బడికి కూడా ఆ పత్రిక వస్తుంది.

ఎన్నికలు వచ్చాయంటే మరో తంతు. షీటర్లందరినీ తహసీల్దారు ఎదుట హాజరుపరిచి బైండోవర్ చేస్తారు. ఇన్నాళ్లపాటు బుద్ధిగా ఉంటానని పూచీకత్తు రాయించుకుంటారు. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లో దీనికి 107, 110 సెక్షన్లు ఉండేవి. కొత్త నాగరిక సురక్షా సంహితలో అవి 126, 129 అయ్యాయి. ఒకసారి బైండోవర్ అయితే, ఆ కారణం మీదనే 601వ ఉత్తర్వు కింద షీటు తెరవవచ్చు. షీటు ఉంది గనుక మళ్లీ ఎన్నికలకు బైండోవర్ చేయవచ్చు. షీటు ఎందుకుందంటే బైండోవర్ అయ్యాడు గనుక, బైండోవర్ ఎందుకయ్యాడంటే షీటు ఉంది గనుక. తర్కశాస్త్రంలో దీనిని అన్యోన్యాశ్రయ దోషమంటారు. స్టేషన్‌లో దీనిని రికార్డు అంటారు.

ఈ ‘షీటు’ను చార్జిషీటుతో కలిపి చదివే అమాయకులు ఇంకా ఉన్నారు. చార్జిషీటు కోర్టుకు వెళుతుంది, దానికి నంబరు పడుతుంది, ముద్దాయికి నకలు ఇస్తారు, వకీలు ఉంటాడు, సాక్షిని నిలదీయవచ్చు, ఏదో ఒకనాటికి దోషి అనో నిర్దోషి అనో తీర్పు వస్తుంది. రౌడీషీటుకు ఇవేమీ లేవు. అది కోర్టు గుమ్మం తొక్కదు గనుక దానిలో నిర్దోషి అనే గడి లేదు. కేసు కొట్టేసిన తరువాత కూడా షీటు నడుస్తూనే ఉంటుంది.

ఉత్తరప్రదేశ్‌లో ఖరక్ సింగ్ అనే మనిషిని 1941లో ఒక దోపిడీ కేసులో పట్టుకుని, సాక్ష్యం లేదని వదిలేశారు. వదిలేసి, మన రౌడీషీటు లాంటిదే అయిన హిస్టరీ షీటు తెరిచారు. చౌకీదారు, కానిస్టేబుళ్లు అర్ధరాత్రి వచ్చి తలుపులు బాదడం, కేకలు వేసి నిద్ర లేపడం, ఊరు దాటితే చెప్పి వెళ్లమనడం నిత్యకృత్యమైంది. ఆయన సుప్రీంకోర్టు దాకా వెళ్లాడు. రాత్రిపూట ఇంటికి వెళ్లి సోదా చేసే నిబంధనను కోర్టు 1962 డిసెంబరులో కొట్టేసింది గాని, మిగతా నిఘాను అలాగే ఉంచింది. ఏకాంతం, అంటే వ్యక్తిగత గోప్యత, మన రాజ్యాంగం హామీ ఇచ్చిన హక్కు కాదన్నది. ఆ మాట తప్పని చెప్పడానికి తొమ్మిదిమంది న్యాయమూర్తుల ధర్మాసనం, 2017వ సంవత్సరం కావలసి వచ్చాయి. మాన్యువల్‌లోని ఉత్తర్వులకు చట్టబలం లేదని, చట్టం అండ లేకుండా షీట్లు తెరవడం జీవించే హక్కుకు భంగమని 2022లో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు సింగిల్ జడ్జి కూడా చెప్పారు. తీర్పులకేమి, చక్కగా బైండు చేసి పుస్తకాల్లో పెట్టుకున్నాము. తలుపు మీద లాఠీ చప్పుడుకు పుస్తకాలు వినబడవు.

ఇక్కడ నాకు నవ్వు రావడం లేదు. మనం నోటికి అలవాటైపోయి వాడే ‘కేడీ’ అన్న మాట మద్రాసు పోలీసుల రికార్డుల్లోని ‘నోన్ డిప్రెడేటర్’ అన్న పద్దు పొట్టి రూపం; దోపిడీదారుగా తెలిసినవాడని అర్థం. తెలిసినదెవరికి? రాసినవాడికి. అంతకు ముందు మనిషినొక్కడినే రాసే ఓపిక కూడా లేక, 1871లో క్రిమినల్ ట్రైబ్స్ చట్టం తెచ్చి కులాలకు కులాలనే రాసిపారేశారు. తల్లి కడుపులో ఉన్న బిడ్డ కూడా నేరస్థుల జాతిలోకి చేరింది. ఎరుకలవారిని తెచ్చి సాల్వేషన్ ఆర్మీ పర్యవేక్షణలో కాపలా పెట్టి ఒక సెటిల్‌మెంటులో ఉంచారు. మద్రాసు ప్రభుత్వంలోని హెరాల్డ్ స్టూవర్టు పేరున అది స్టూవర్టుపురం అయింది. 1952లో ఆ చట్టం రద్దయింది. రద్దయి డెబ్బై ఏళ్లు దాటినా, ఎక్కడో దొంగతనం జరిగితే ‘స్టూవర్టుపురం ముఠా పనేనా?’ అని శీర్షిక పెట్టడానికి సిగ్గుపడని పత్రికలు ఉన్నాయి, చదవడానికి సిగ్గుపడని మనమూ ఉన్నాము. ఆ ఊరి పిల్లవాడు ఇంటర్వ్యూకు వెళ్లి సొంత ఊరేదని అడిగితే పక్క ఊరి పేరు చెప్పుకోవలసి వచ్చిందంటే, ఆ అబద్ధం నేరం ఎవరి షీటులో రాయాలి?

నిజంగా మనుషులను నరికినవాడికి షీటు అడ్డం రాలేదు. అది అతని ధర పెంచింది. అతని ఫ్లెక్సీ చౌరస్తాలో ఉంటుంది, అతని బండికి దారి ఇస్తారు, అతను చస్తే ప్రముఖుడంటారు. కూలికి పోయే మనిషికి అదే కాగితం పాస్‌పోర్టు రాకుండా, అద్దె ఇల్లు దొరకకుండా, కూతురికి సంబంధం కుదరకుండా, పండగ పూట కూడా ఇంట్లో కంటినిండా నిద్ర లేకుండా చేస్తుంది. తప్పు చేసిన బలవంతుడికి బిరుదుగాను, తప్పు రుజువుకాని బలహీనుడికి శిక్షగాను ఒకే మాటను నడపగలిగిన వ్యవస్థను అలసత్వమని, పాత పద్ధతని మర్యాదగా పిలవడానికి నాకు మనసొప్పడం లేదు. ఇది దుర్మార్గం, తెలిసి చేస్తున్న దుర్మార్గం.

మళ్లీ మాన్యువల్‌కు వస్తే, షీటు డిసెంబరు నెలాఖరు వరకే చెల్లుతుందని, ఆపైన కొనసాగించాలంటే గెజిటెడ్ అధికారి ఉత్తర్వు తీసుకోవాలని అందులోనే ఉన్నది. అంటే ప్రతి ఏడాదీ ఒక అధికారి ఆ పేరు చదివి, ఈ మనిషి ఇంకా రౌడీయేనా అని తనను తాను ప్రశ్నించుకుని, ఆలోచించి సంతకం పెట్టాలి. డిసెంబరు నెలాఖరున ఏ డివిజన్ కార్యాలయంలోనైనా ఆ కట్టలు కట్టలు షీట్ల మీద సంతకాలు ఎంత వేగంగా పడతాయో చూడదలచినవారు, కొత్త సంవత్సరం బందోబస్తు మొదలుకాక ముందే, మధ్యాహ్న భోజనానికి లోపలే వెళ్లాలి. తరువాత వెళితే అయిపోయి ఉంటుంది.