మాట వినపడని గేమూ, మన మాట వినని సపోర్టూ

గేమ్‌లో గొంతులు రావడం లేదని ఫిర్యాదు పెడితే, ఇప్పుడే సపోర్ట్ వాళ్ల నుంచి మెయిల్ వచ్చింది. "మీ సమస్య పరిష్కారమైందని భావించి ఈ టికెట్ క్లోజ్ చేస్తున్నాం" అట. భావించారట! అడగలేదు, చూడలేదు, భావించేశారు. పైగా కింద అయిదు నక్షత్రాలు పెట్టి, మా సేవ ఎలా ఉందో రేటింగ్ ఇవ్వండంటూ ఒక లింకు. ఒళ్లు మండిపోయింది. ఆ మంటలోనే రాస్తున్నా, కాబట్టి విషయం అటూ ఇటూ పోతే సర్దుకోండి.

సంగతి ఏంటంటే, పాత గేమ్ ఒకటి కొని డౌన్‌లోడ్ చేసుకున్నాను. ఏ గేమ్ అని అడక్కండి. పేరు చెప్పగానే "ఇంకా అది ఆడుతున్నావా" అనే బ్యాచ్ ఒకటుంది, వాళ్లతో నాకు వేరే లెక్కలున్నాయి. గేమ్ మొదలైంది. మ్యూజిక్ బ్రహ్మాండంగా వస్తోంది. వాన చప్పుడు వస్తోంది. తుపాకి పేలితే గది అదురుతోంది. మనుషులు మాత్రం మూగ. ఒకడు పరిగెత్తుకుంటూ నా ముందుకొచ్చి, చేతులు తిప్పుతూ, పెదాలు ఆడిస్తూ ఏదో ప్రాణం మీదికొచ్చిన విషయం చెబుతున్నాడు. చెప్పడం అయిపోయింది, తల ఊపాడు, పక్కకి జరిగాడు. వెనకాల తలుపుకి నంబర్ల తాళం. ఆ నంబర్ వాడు ఇందాక నోటితో చెప్పిందే! సబ్‌టైటిల్స్ పెట్టుకుందామంటే ఆ ఆప్షనే లేదు. చెవులున్నాయి, స్పీకర్లున్నాయి, ఇంకెందుకు అనుకున్నట్టున్నారు అప్పట్లో.

సరే, డబ్బులు తీసుకున్నవాళ్లనే అడుగుదామని ఇదంతా వివరంగా రాశాను. మ్యూజిక్ వస్తోంది, చప్పుళ్లు వస్తున్నాయి, గొంతులు మాత్రమే రావడం లేదు అని. జవాబు: "స్పీకర్లు ఆన్‌లో ఉన్నాయో లేదో చూడండి." బాబూ, మ్యూజిక్ వస్తోందని మొదటి వాక్యంలోనే రాశాను కదా! ఆ తర్వాత మామూలు దండకం. ఆడియో డ్రైవర్ (సౌండ్‌ని నడిపించే సాఫ్ట్‌వేర్) అప్‌డేట్ చేయండి, గేమ్ ఫైల్స్ వెరిఫై చేయండి, కంపాటిబిలిటీ మోడ్‌లో పెట్టండి, కంప్యూటర్ రీస్టార్ట్ చేయండి. గేమ్ క్రాష్ అయినా ఇదే, స్క్రీన్ నల్లగా వచ్చినా ఇదే, సేవ్ ఫైల్ పోయినా ఇదే. జ్వరానికీ విరిగిన కాలికీ ఒకే మాత్ర రాసిచ్చే డాక్టర్ లాగా ఉంది యవ్వారం.

ఇందులో నన్ను నిజంగా కాల్చిన విషయం ఏంటో తెలుసా? ఆ డ్రైవర్ అప్‌డేట్ వల్లే గొంతులు పోయాయి! అంతకుముందు దానంతటదే అప్‌డేట్ అయినప్పుడు, ఎవరినీ అడక్కుండా స్పీకర్ల సెట్టింగ్‌ని స్టీరియో (రెండు స్పీకర్లు) నుంచి 5.1కి (ఆరు స్పీకర్లకి) మార్చి కూర్చుంది. నా దగ్గరున్నవి రెండే స్పీకర్లు. కానీ విండోస్ వెళ్లి గేమ్‌కి "మా సార్ దగ్గర ఆరున్నాయి" అని గొప్పలు చెప్పింది. పాత గేమ్ పాపం నమ్మేసింది. 5.1 ఉందంటే మాటలన్నీ మధ్య స్పీకర్‌కి పంపడం దాని పద్ధతి. మ్యూజిక్ ఎడమ, కుడి స్పీకర్లలో వినిపిస్తుంది. మాటలేమో అసలు లేని ఆ మధ్య స్పీకర్‌లోకి పోతాయి. అంటే వాడు నిజంగానే ఆ నంబర్ చెప్పాడు. నా ఇంట్లో లేని ఒక డబ్బాకి చెప్పాడు.

పరిష్కారం అర నిమిషం పని. విండోస్ 11లో సెట్టింగ్స్‌లోకి వెళ్లి, సిస్టమ్, అందులో సౌండ్, అట్టడుగుకి దిగితే మోర్ సౌండ్ సెట్టింగ్స్ అని ఉంటుంది. అది నొక్కితే ఏళ్లనాటి పాత కిటికీ తెరుచుకుంటుంది. (అసలు పనికొచ్చేవన్నీ ఆ పాత కిటికీలోనే ఉంటాయి. దాన్ని ఇంత లోతున ఎందుకు దాచారో దాచినవాళ్లకే తెలియాలి.) స్పీకర్ మీద నొక్కి, కాన్ఫిగర్ అని కొట్టి, స్టీరియో ఎంచుకోవాలి. గేమ్ మూసి మళ్లీ తెరవాలి, ఎందుకంటే చాలా పాత గేములు మొదలైన క్షణంలో ఏ సౌండ్ డివైస్ కనిపిస్తే దాన్నే పట్టుకుని వేలాడతాయి, మధ్యలో మారిస్తే గమనించవు. ఆ పాత కిటికీలోనే స్పీకర్ ప్రాపర్టీస్, అందులో అడ్వాన్స్‌డ్‌లో శాంపిల్ రేట్ (శబ్దాన్ని సెకనుకి ఎన్ని ముక్కలుగా కొలుస్తారో ఆ లెక్క) 192 కిలోహెర్ట్జ్ అని ఉంటే 48కో 44.1కో దించండి, ఆ పెద్ద అంకె చూసి నోరు మూసుకునే గేములు కూడా ఉన్నాయి. హెచ్‌డీఎంఐ కేబుల్‌తో మానిటర్ తగిలించినవాళ్లు ఇంకొకటి చూసుకోండి: ఆ మానిటర్‌కి స్పీకర్లే లేకపోయినా విండోస్ సౌండ్ మొత్తం దానికే పంపుతూ ఉండొచ్చు. ఇంతే. ఇదే నాలుగు వాక్యాల్లో ఆ మెయిల్‌లో రాసి ఉంటే నేను ఈపాటికి ఆ తలుపు దాటి ఉండేవాణ్ణి.

"పాత గేమ్ కదా, అలాగే ఉంటుంది" అనేవాళ్లకి ఒక దండం. పాత గేములే ఈ విషయంలో నిజాయితీగా ఉండేవి. విండోస్‌కి ముందు నాటి డాస్ రోజుల్లో గేమ్‌తోపాటు సెటప్ ప్రోగ్రామ్ ఒకటి వచ్చేది. నీ సౌండ్ కార్డ్ ఏది, పోర్ట్ 220 ఆ, ఐఆర్‌క్యూ 5 ఆ 7 ఆ, డీఎంఏ 1 ఏనా అని సూటిగా అడిగేది (సౌండ్ కార్డ్ కంప్యూటర్‌తో మాట్లాడుకునే దారుల నంబర్లు ఇవి). పక్కనే టెస్ట్ అని ఒక మీట. నొక్కితే చప్పుడు రావాలి, లేదంటే తప్పు చెప్పావని అర్థం. ఇప్పటికీ డాస్‌బాక్స్‌లో (పాత డాస్ గేముల్ని ఇప్పటి కంప్యూటర్లో నడిపే ప్రోగ్రామ్) ఆడేవాళ్లని విసిగించేది ఇదే. డాస్‌బాక్స్ మామూలుగా ఐఆర్‌క్యూ 7 మీద కూర్చుంటుంది, గేమ్ సెటప్‌లో 5 అని ఉంటుంది. మ్యూజిక్ హాయిగా వస్తుంది, ఎందుకంటే సౌండ్ కార్డ్‌లోని యమహా ఎఫ్ఎం చిప్ తనే పుట్టించే రాగాలు మోగడానికి ఐఆర్‌క్యూతో పని లేదు. రికార్డు చేసిన అరుపులకీ, పేలుళ్లకీ ఐఆర్‌క్యూ, డీఎంఏ రెండూ కుదరాలి, అందుకని అవి రావు. రెండు చోట్లా ఒకే అంకె పెడితే సమస్య తీరిపోతుంది. ఇప్పటి గేముల్లో ఏముంది? మాస్టర్ వాల్యూమ్, అది ఇప్పటికే వందలో ఉంటుంది. ఇంక మన ఖర్మ.

అసలు సౌండ్ అంటేనే వీళ్లకి లెక్కలేదు. బొమ్మ కొంచెం మసకగా ఉంటే చాలు, 4కే అంటారు, రీమాస్టర్ అంటారు, కొత్త వెలుగు కొత్త నీడ అంటారు. సౌండ్ సగం పోయినా "గేమ్ రన్ అవుతోంది కదా" అంటారు. క్వేక్ అనే తుపాకుల గేమ్ సంగతే తీసుకోండి. 1996లో వచ్చింది. నైన్ ఇంచ్ నెయిల్స్ బ్యాండ్ ట్రెంట్ రెజ్నర్ చేసిన మ్యూజిక్ ఆ సీడీ మీదే మామూలు ఆడియో ట్రాకులుగా ఉండేది, ఆ సీడీని మామూలు సీడీ ప్లేయర్‌లో వేసినా మోగేది. డౌన్‌లోడ్‌గా అమ్మడం మొదలుపెట్టినప్పుడు డేటా ఫైళ్లు ఎత్తుకొచ్చారు, పాటల ట్రాకులు వదిలేశారు. ఏళ్ల తరబడి అలాగే మూగగా అమ్మారు. 2021లో కొత్త ఎడిషన్ వస్తే గానీ మ్యూజిక్ తిరిగి రాలేదు. అన్నిటికంటే తమాషా, ఆ గేమ్‌లో మేకుల తుపాకికి దొరికే మేకుల పెట్టెల మీద రెజ్నర్ బ్యాండ్ గుర్తు ముద్రించి ఉంటుంది. గుర్తు ఉంది, మ్యూజిక్ లేదు! పాత సీడీలని ఐఎస్ఓ ఫైళ్లుగా (సీడీకి ఒకే ఫైల్‌లో తీసిన నకలు) దాచుకున్నవాళ్లు కూడా ఒకసారి చూసుకోండి, ఐఎస్ఓలో ఆడియో ట్రాకులు ఉండవు. బిన్, క్యూ అనే రెండు ఫైళ్ల జతగా దాచుకోవాలి.

విండోస్ విస్టా చేసిన ఘనకార్యం ఇంకోటి. 2007 వరకు డైరెక్ట్‌సౌండ్ 3డీ అనే విండోస్ భాగం ద్వారా గేములు నేరుగా సౌండ్ కార్డ్‌తోనే పని చేయించుకునేవి. విస్టా వచ్చి ఆ దారి మూసేసింది. దాంతో గది ప్రతిధ్వనిలాంటి ఈఏఎక్స్ ఎఫెక్టులన్నీ గాలికి పోయాయి. ఇది చిన్న విషయం అనుకునేవాళ్లు 1998 నాటి థీఫ్ ఆడి చూడండి. అందులో మీరు దొంగ. తివాచీ మీద నడిస్తే అడుగు చప్పుడు రాదు, రాతి పలకల మీద నడిస్తే వస్తుంది, ఇనుప జాలీ మీదైతే కాపలావాడు అటు తిరిగి చూస్తాడు. వాడు ఏ గోడ వెనకాల ఉన్నాడో, వస్తున్నాడో పోతున్నాడో వాడి కూనిరాగం బట్టే తెలియాలి. గేమ్ మొత్తం చెవులతో ఆడాలి. అలాంటిదాంట్లో గది ప్రతిధ్వని తీసేసి "బాగానే ఉందిగా" అంటే ఏమనాలి?

ఆ రోజుల్లో ఆరియల్ అని ఒక కంపెనీ ఉండేది, ఏ3డీ అనే సౌండ్ టెక్నాలజీ వాళ్లదే. శబ్దం గోడకి తగిలి ఎలా తిరిగొస్తుందో లెక్కకట్టి వినిపించేది. పోటీ కంపెనీ పేటెంట్ కేసు వేసింది. కోర్టులో ఆరియల్ గెలిచింది. ఖర్చులకి దివాళా తీసింది. ఓడినవాళ్లే ఆస్తులు కొనుక్కున్నారు. ఈ కథ తలుచుకుంటే నాకు ఇప్పటికీ బీపీ పెరుగుతుంది, వదిలేయండి.

థీఫ్‌ని చివరికి ఎవరు బాగుచేశారు? హక్కులున్నవాళ్లు కాదు. 2012లో అసలు పేరు కూడా చెప్పుకోకుండా ఎవరో ఒక ప్యాచ్ (గేమ్‌ని సరిచేసే ఫైళ్లు) వదిలారు. అందులో ఓపెన్ఏఎల్ అనే వేరే సౌండ్ వ్యవస్థకి సపోర్ట్ పెట్టారు, పాత ఎఫెక్టులు కొత్త విండోస్‌లో పలికాయి. మిగతా గేములకి డీసోల్ (DSOAL) అని ఒక ప్రోగ్రామ్ ఉంది, దాని డీఎల్ఎల్ ఫైళ్లు గేమ్ ఫోల్డర్‌లో పడేస్తే గేమ్ అదే పాత డైరెక్ట్‌సౌండ్ అనుకుని మాట్లాడుతుంది. ఇదంతా జీతం లేకుండా, రాత్రిళ్లు కూర్చుని చేసినవాళ్ల పని. అమ్మేవాళ్లు మాత్రం దుకాణంలో "క్లాసిక్" అని స్టిక్కర్ అంటిస్తారు, సమస్య వస్తే స్పీకర్ ఆన్‌లో ఉందా అని అడుగుతారు.

ఇప్పటిదాకా చెప్పినవి కనీసం పొరపాటున పోయిన సౌండ్లు. చేజేతులా పీకేసిన వాటి సంగతో? ఊరంతా కార్లలో తిరిగే జీటీఏ శాన్ ఆండ్రియాస్ గేమ్ 2004లో వచ్చింది. 2014లో ఒక అప్‌డేట్ వచ్చి అందులోని కారు రేడియోలోంచి కొన్ని పాటలు ఎగిరిపోయాయి. లైసెన్స్ గడువు అయిపోయిందట. జీటీఏ 4కి 2018లో అదే గతి. వ్లాదివొస్తోక్ ఎఫ్ఎం అని అందులో ఒక రష్యన్ రేడియో స్టేషన్. రాత్రిపూట వంతెన మీద కారు నడుపుతూ దాన్ని వినడం కోసమే ఆ గేమ్ తెరిచేవాణ్ణి, మిషన్ల కోసం కాదు. పదేళ్లయ్యాక ఆ పాటల్లో చాలావాటిని తీసేసి వేరేవి దూర్చారు. కొత్తగా కొనేవాళ్లకే కాదు, ఎప్పుడో డబ్బు కట్టి కొనుక్కున్నవాళ్లకి కూడా! నేను కొన్నది గేమ్ కదా, పదేళ్ల అద్దె కాదు కదా? కొన్న రోజున "ఈ పాటలు ఫలానా సంవత్సరం మాయమవుతాయి" అని డబ్బా మీద ఎక్కడైనా రాశారా? 5.1 సెట్టింగ్ అయితే నేనే మార్చుకుంటా. దీనికి ఏ సెట్టింగ్ మార్చాలి?

ఇక "ఇంకా అది ఆడుతున్నావా" బ్యాచ్. వీళ్ల సలహా ఏంటంటే, గేమ్ మ్యూట్ చేసి పక్కన నీకిష్టమైన పాటలు పెట్టుకోవచ్చు కదా అని. అద్భుతం. సినిమా హాల్లో సౌండ్ పోతే కూడా ఇయర్‌ఫోన్స్ పెట్టుకుని వేరే పాటలు వినండి, అరిచి గోల చేయకండి. తలుపు నంబర్ ఆ పాటల్లో వస్తుందేమో చూద్దాం. పోయినసారి ఈ సలహా ఇచ్చినవాడే, తను ఆడే ఆన్‌లైన్ గేమ్‌లో వెనక నుంచి వచ్చేవాడి అడుగుల చప్పుడు సరిగ్గా వినపడటం లేదని నా బుర్ర తినేశాడు. బ్లూటూత్ హెడ్‌సెట్‌లో మైక్ ఆన్ అవగానే అది ఫోన్ కాల్ మోడ్‌లోకి జారి, సౌండ్ డొక్కుగా మారుతుంది, గేమ్‌లో వాయిస్ చాట్ ఆపెయ్, సౌండ్ సెట్టింగ్స్‌లో హ్యాండ్స్‌ఫ్రీ బదులు స్టీరియో హెడ్‌ఫోన్స్ ఎంచుకో అని చెప్పి వాడికి బాగుచేసింది కూడా నేనే. మ్యూట్ చేసి పాటలు పెట్టుకోమనాల్సింది!

ఆ రేటింగ్ లింకు నొక్కాను. ఒక్క నక్షత్రం ఇస్తే "కారణం చెప్పండి" అంది. పైన రాసిన స్టీరియో సెట్టింగ్ పేరా మొత్తం అందులో పేస్ట్ చేశాను. అక్షరాల పరిమితి దాటిందంది. "గొంతులు రాకపోతే స్టీరియో పెట్టమని చెప్పండి" అని కుదించి పంపాను. నా తర్వాత అడిగినవాడికైనా అది చెబుతారేమో అని కాదు, చెప్పరని తెలుసు. అన్నట్టు, శాన్ ఆండ్రియాస్ పాత డిస్క్ నా దగ్గర భద్రంగా ఉంది, పాటలన్నీ ఉన్నది. ఇన్‌బాక్స్‌లో అడక్కండి, ఇవ్వను.