సుబ్రత మిత్ర వెలుతురు పేదరికంలో పుట్టిందా?

ఛాయాగ్రాహకుడు సుబ్రత మిత్ర గురించి ఒక మాట బాగా ప్రచారంలో ఉంది. లైట్లకు డబ్బు లేక పగటి వెలుతురులో తీయడమే ఆయన శైలి అయిందని, సత్యజిత్ రాయ్ చెప్పినట్టు కెమెరా నడపడం తప్ప ఆయన సొంతంగా చేసిందేమీ లేదని, రాయ్‌కు దూరమయ్యాక ఆయన పనే ముగిసిందని అంటారు. మూడూ పొరపాటే. మొదటిది మరీ అన్యాయం.

రాయ్ తొలి చిత్రం 'పథేర్ పాంచాలి' (1955) నాటికి చేతిలో డబ్బు లేదన్నది నిజమే. అంతకుముందు మిత్ర సినిమా కెమెరా పట్టి ఎరగరన్నదీ నిజమే. అయితే ఫ్రెంచి దర్శకుడు రెన్వార్ తీసిన 'ది రివర్' చిత్రీకరణను దగ్గర నుంచి గమనిస్తూ, ఏ దీపం ఎక్కడ పెట్టారో బొమ్మలు గీసి రాసుకున్న యువకుడాయన. వెలుతురు మీద ఆ శ్రద్ధ ఎంతటిదో రాయ్ తర్వాతి చిత్రం 'అపరాజితో' (1956)లో తేలింది. అందులో కాశీ ఇల్లు మన మండువా ఇంటివంటిది. నడుమ ఉన్న ఖాళీలోకి వెలుగు పైనున్న ఆకాశం నుంచే దిగాలి. వానలకు జడిసి ఆ ఇంటిని కలకత్తా స్టూడియోలో సెట్‌గా వేయాలని రాయ్, కళాదర్శకుడు బంసీ చంద్రగుప్త నిశ్చయిస్తే, నీడ పడనివ్వని ఆ వెలుగును స్టూడియోలో సృష్టించలేమని మిత్ర వాదించారు. వాదన నెగ్గలేదు. అప్పుడాయన సెట్ పైన ఆకాశపు తునకలా తెల్లబట్ట బిగించి, లైట్లను నటుల మీదికి కాక కింది నుంచి ఆ బట్ట మీదికి తిప్పారు. బట్టకు తగిలి చెదిరి దిగే వెలుగులో ముఖం అంచు మెల్లగా చీకట్లోకి జారుతుంది. వెనక గోడ మీద ఒకే మనిషికి నాలుగు నీడలు పడవు. ఇలా తిప్పిన వెలుగులో చాలా భాగం వృథా అవుతుంది కనుక, నేరుగా వేసేటప్పటికంటే ఎక్కువ దీపాలు కావాలి. పొదుపు కోసం ఎవరూ ఎంచుకునే పద్ధతి కాదది. అదంతా పగటి వెలుతురేనని చూసినవారు నమ్మారంటే, ఆ నమ్మకం ఆయన పనితనం వల్ల కలిగిందే.

రాయ్ మాట జవదాటలేదన్న రెండో మాటకు రాయ్‌తో ఆయన పడిన ఆ వాదన, ఆ తెల్లబట్ట ఉపాయమే జవాబు.

ఇక మూడోది. 'నాయక్' (1966) తర్వాత మిత్ర రాయ్‌తో పని చేయలేదు, ఆపైన తీసిన చిత్రాలూ కొద్దివే. కానీ అదే ఏడు విడుదలైన హిందీ చిత్రం 'తీస్రీ కసమ్'కు ఛాయాగ్రహణం ఆయనదే. అమెరికన్ దర్శకుడు జేమ్స్ ఐవరీ చిత్రాలు రెండింటికి 1969లో, 1970లో కెమెరా పట్టారు. 'న్యూఢిల్లీ టైమ్స్' (1986)కు ఉత్తమ ఛాయాగ్రహణంలో జాతీయ పురస్కారం అందుకున్నారు. 1997 నుంచి, 2001లో కన్నుమూసేదాకా, కలకత్తాలో రాయ్ పేరిట వెలసిన సినిమా విద్యాసంస్థలోనే ఛాయాగ్రహణం బోధించారు.