ఆ అరగంట మెయిన్ స్టేజీ మీద ఇద్దాం

మొన్న అమెరికాలో జరిగిన మన తెలుగు మహాసభల్లో, మన తెలుగమ్మాయే అయిన ఒక వాతావరణ శాస్త్రవేత్తకి జరిగింది చూసి నా మనసు చివుక్కుమంది. భోజనాల వేళ, మెయిన్ హాలుకి దూరంగా ఓ చిన్న గది ఇచ్చారు. ప్రసంగం సగం కాకముందే వాలంటీరు వచ్చి, ముఖ్య అతిథి వచ్చేశారు, అందరూ హాలుకి రండి అని మైకులో చెప్పేశాడు. వచ్చిన కొద్దిమందిలోనూ చాలామంది లేచిపోయారు. ఆవిడ ఒక్క మాటా అనకుండా లాప్‌టాప్ మూసేశారు.

అసలు ప్రసంగం ఆ తర్వాత కారిడార్లో జరిగింది. కొడుకు దగ్గరికి వచ్చిన ఓ పెద్దాయన ఆవిణ్ణి ఆపి, "అమ్మా, మా చిన్నప్పుడు ఎండాకాలం డాబా మీద పడుకుంటే తెల్లవారుజామున దుప్పటి వెతుక్కునేవాళ్ళం. ఇప్పుడు తెల్లారేదాకా ఉక్కపోతే. రాత్రి ఎండ ఉండదు కదా, ఈ వేడి ఎక్కణ్ణించి వస్తోంది?" అని అడిగారు.

"పగలు నేల పట్టుకున్న వేడిని రాత్రి పైకి వదిలేస్తుంది బాబాయ్ గారూ. గాలిలో ఉన్న కార్బన్ డయాక్సైడు, తేమ అందులో కొంత పట్టుకుని మళ్ళీ కిందికే పంపుతాయి. అవి పెరిగేకొద్దీ రాత్రి చల్లబడటం తగ్గిపోతుంది. ఊళ్ళలో కాంక్రీటు కూడా తోడవుతుంది," అన్నారావిడ. 1958లో హవాయిలో మౌనా లోవా కొండ మీద కొలవడం మొదలుపెట్టినప్పుడు ఆ వాయువు పది లక్షల పాళ్ళ గాలిలో 315 పాళ్ళు ఉండేదట. ఇప్పుడు 420 దాటిందని చెప్పారు. పెద్దాయన తల ఊపి వానల గురించి అడిగారు. పట్టుచీరల్లో వెళ్తున్న ఇద్దరు ఆగారు. చూస్తుండగానే గుంపు చేరింది. గదిలో కంటే అక్కడే ఎక్కువమంది విన్నారు.

ఈ రంగంలో గొప్పవారైన వీరభద్రన్ రామనాథన్ గారి ఉద్యోగ జీవితం మన సికింద్రాబాద్‌తో ముడిపడి ఉందని మనలో ఎందరికి తెలుసు? తమిళనాడులో పుట్టిన ఆయన కుర్రతనంలో సికింద్రాబాద్‌లోని రిఫ్రిజిరేటర్ కంపెనీలో ఇంజనీరు. గ్యాస్ లీకవకుండా చూడటం పని. అమెరికా వచ్చాక 1975లో, ఆ జాతి వాయువులైన క్లోరోఫ్లోరోకార్బన్లు అణువుకి అణువు లెక్కన కార్బన్ డయాక్సైడు కంటే దాదాపు 10,000 రెట్లు వేడిని పట్టి ఉంచుతాయని తేల్చారు. అంతటి శాస్త్రవేత్తకి 2014లో వాటికన్ పార్కింగ్ లాట్లో పోప్ ఫ్రాన్సిస్‌తో మాట్లాడటానికి దొరికింది రెండు మూడు వాక్యాల సమయం. కాలుష్యంలో ఎక్కువ భాగం బాగా డబ్బున్న వంద కోట్లమందిదని, దెబ్బ తగిలేది మూడు వందల కోట్ల పేదలకని చెప్పారు.

ఆ వంద కోట్లలో మనమూ ఉన్నాం. గదిలోంచి వెళ్తూ లైటు ఆర్పే అమ్మల చేతుల్లో పెరిగి, ఇద్దరుండే ఇంటికి ఐదు బెడ్‌రూములు కట్టుకుని రాత్రీపగలూ ఏసీ నడుపుతున్నాం. 2015 మే వడగాడ్పులకి రెండు తెలుగు రాష్ట్రాల్లో వెయ్యిమందికి పైగా చనిపోయారు. అప్పుడు మన ఇళ్ళకి ఫోన్ చేసి బయటికి వెళ్ళొద్దని చెప్పాం. రోజు కూలికి పోకపోతే గడవనివాళ్ళు ఆ మాట వినగలరా?

కమిటీ వాళ్ళ కష్టం నాకు తెలుసు. స్పాన్సర్లని చూసుకోవాలి, అతిథి విమానం లేటయితే షెడ్యూలంతా తారుమారు. సినిమావాళ్ళు రాకపోతే టికెట్లు అమ్ముడుపోవు. శాస్త్రవేత్తలు కూడా కొందరు గ్రాఫులతో, ఇంగ్లీషు పదాలతో ఊదరగొడతారు. కానీ తెలుగులో ఇంత తేలిగ్గా చెప్పగల మనిషి మన మధ్యే ఉంటే ఆమెని కారిడార్లో నిలబెట్టడం ఏం న్యాయం?

నా విన్నపం ఇది. వచ్చే సభల్లో శనివారం సాయంత్రం, సంగీత విభావరికి ముందు, హాలు నిండి ఉన్నప్పుడు మెయిన్ స్టేజీ మీద అరగంట ఇవ్వండి. పది నిమిషాలు తెలుగులో ప్రసంగం, మిగతా ఇరవై నిమిషాలు ప్రశ్నలు. మొదటి వరస ఇండియా నుంచి వచ్చిన తల్లిదండ్రులకి వదలండి, మైకు ముందు వాళ్ళకే ఇవ్వండి. ఈ మేరకు ప్రోగ్రాం కమిటీకి ఉత్తరం రాశాను. మీకూ సబబనిపిస్తే, షెడ్యూలు ఖరారు కాకముందే మీరూ ఒకటి రాయండి.