ఎమిలీ ద్యు షాత్లేకు ఒక్క వాక్యమేనా?

భౌతికశాస్త్ర చరిత్రపై ఒక ఉపన్యాసం విని ఇప్పుడే వచ్చాను. కోపం ఇంకా చల్లారలేదు. గంటకు పైగా న్యూటన్ గురించీ లైబ్నిట్జ్ గురించీ మాట్లాడిన వక్త పద్దెనిమిదో శతాబ్దపు ఫ్రెంచి శాస్త్రవేత్త ఎమిలీ ద్యు షాత్లేకు కేటాయించినది ఒకే ఒక్క వాక్యం: ఆమె ఫ్రెంచి రచయిత వోల్టేర్ ప్రియురాలట. సభ నవ్వింది, ఆయన తరువాతి పేరుకు వెళ్ళిపోయారు.

వారి సాన్నిహిత్యం నిజమే, అందులో దాచవలసినది ఏమీ లేదు. అయితే న్యూటన్‌ను ఫ్రెంచి పాఠకులకు పరిచయం చేస్తూ 1738లో వెలువరించిన గ్రంథాన్ని వోల్టేర్ ఆమెకే అంకితమిచ్చాడు. ఆమె పాండిత్యం ఎంతటిదో అతనికి బాగా తెలుసు. 1740లో ఆమె ప్రచురించిన భౌతికశాస్త్ర గ్రంథాన్ని తెరిచి చూసినవారెవరూ ఆ ఒక్క వాక్యంతో సరిపెట్టరు. మెత్తని బంకమట్టిపై ఇత్తడి గోళాలను జారవిడిచి, వేగం రెట్టింపైతే గుంట లోతు నాలుగు రెట్లవుతుందని డచ్ శాస్త్రవేత్త స్‌గ్రావెసాండె చూపిన ప్రయోగాన్ని, కదిలే వస్తువు బలం వేగవర్గాన్ని బట్టి ఉంటుందన్న లైబ్నిట్జ్ వాదంతో జోడించి, న్యూటన్ పక్షపాతులు మెండుగా ఉన్న కాలంలో నిర్భయంగా సమర్థించినది ఆమె. పారిస్ అకాడమీ కార్యదర్శి మేరాన్ ఆక్షేపిస్తే, 1741లో అచ్చులోనే బదులిచ్చింది. ఆ అకాడమీలో స్త్రీలకు సభ్యత్వమే లేదన్న సంగతి గుర్తుంచుకొని ఆ జవాబును చదవాలి. ఆమెకు పాఠాలు చెప్పిన కోనిగ్ అయితే ఆ గ్రంథం తన పాఠాలేనని ప్రచారం చేశాడు; స్త్రీ రాసినదంటే ఎవరో రాసిపెట్టి ఉంటారన్న అనుమానం అప్పుడే మొదలైంది.

నన్ను ఏళ్ళుగా బాధిస్తున్న మాట మరొకటి ఉంది: "ఆమె అనువాదకురాలే కదా!" లాటిన్‌లో, జ్యామితి భాషలో సాగే న్యూటన్ మహాగ్రంథం ప్రిన్సిపియాను ఫ్రెంచిలోకి తేవాలంటే ప్రతి నిరూపణనూ తానే మళ్ళీ చేసి చూసుకోవాలి. ఆమె అంతటితో ఆగక వ్యాఖ్యానం రాసి, ముఖ్యమైన ఘట్టాలను కలనగణిత పద్ధతిలో వివరించింది. నలభై రెండేళ్ళ వయసులో గర్భవతియై, ఈ కాన్పు దాటి బతకనేమోనన్న భయంతో రాత్రింబవళ్ళు పని చేసి, రాతప్రతిని రాజగ్రంథాలయానికి పంపింది. 1749 సెప్టెంబరులో, ప్రసవమైన కొద్ది రోజులకే, లునెవిల్‌లో కన్నుమూసింది. పదేళ్ళ తరువాత, హేలీ తోకచుక్క తిరిగి వచ్చిన 1759లో, ఆ అనువాదం సంపూర్ణంగా వెలువడింది. ఫ్రెంచి పాఠకులు ప్రిన్సిపియాను నేటికీ ప్రధానంగా అందులోనే చదువుతున్నారు.

అదే వేదికపై వచ్చే వారం రెండో ఉపన్యాసం ఉంది. 1759 నాటి ఆ ముఖపత్రాన్ని సభకు చూపి, దానిపై అచ్చైన ఆమె పేరును చదివి ఆరంభించమని వక్తకు ఇప్పుడే లేఖ రాశాను.