రెండు నిమిషాలు మాట్లాడుకుంటే కథ కంచికే

ప్రేమకథల్లో లాజిక్ ఉండదని విమర్శించే మేధావులను చూస్తే నాకు జాలేస్తుంది. హీరో, హీరోయిన్ ఎదురెదురుగా కూర్చుని రెండు నిమిషాలు మనసు విప్పి మాట్లాడుకుంటే అపార్థాలన్నీ తీరిపోతాయట. తీరిపోతాయి, సరే. కొరియన్ డ్రామా అంటే మామూలుగా 16 ఎపిసోడ్లు. మొదటి దాంట్లోనే ఒకరినొకరు అర్థం చేసుకుంటే మిగతా 15లో ఏం చూస్తారండీ, వాళ్లు కరెంటు బిల్లు కట్టడమా?

ప్రేక్షకులకు కావాల్సింది ప్రేమ కాదు, ఆలస్యం. పూర్తయిన పనికంటే మధ్యలో ఆగిన పనే మనిషికి ఎక్కువ గుర్తుంటుందని 1927లోనే బ్లూమా జైగార్నిక్ అనే మనస్తత్వ శాస్త్రవేత్త రాశారు. తర్వాత కొందరు మళ్లీ ప్రయోగాలు చేస్తే అన్నిసార్లూ అదే ఫలితం రాలేదు. పాపం, వాళ్లెవరూ సీరియల్ చూసే రకం కాదేమో.

ఆలస్యం చేయకపోతే ఏమవుతుందో అమెరికన్ టీవీకి బాగా తెలుసు. 1985లో మొదలైన ‘మూన్‌లైటింగ్’లో ఎప్పుడూ కీచులాడుకునే డిటెక్టివ్ జంట 1987లో ఒకటైంది, 1989లో సిరీస్ మూతపడింది. మధ్యలో రచయితల సమ్మె జరిగింది, సెట్లో గొడవలున్నాయి, షూటింగులు ఆలస్యమయ్యాయి, అయినా పరిశ్రమ మాత్రం నేరమంతా ఆ ప్రేమ మీదికే తోసేసింది. ఆ భయం మామూలుది కాదు. ‘ఫ్రెండ్స్’లో రాస్, రేచెల్‌లను 1994 నుంచి 2004 దాకా కలుపుతూ, విడదీస్తూ, మళ్లీ కలుపుతూ లాక్కొచ్చారు. జనం పదేళ్లూ నోరెత్తకుండా, అంటే నోరారా తిట్టుకుంటూ, చూశారు.

తెర మీది మనుషులతో ఇలా ఒక వైపు నుంచే నడిచే చుట్టరికానికి హోర్టన్, వోల్ అనే ఇద్దరు పరిశోధకులు 1956లోనే ‘పారాసోషల్’ అని పేరు పెట్టారు. ఈ చుట్టరికంలో ఉన్న సుఖం ఇంకెక్కడా లేదు, ఎందుకంటే అవతలివాళ్లు మనల్ని ఏమీ అడగరు. అందుకే పక్కన కూర్చున్న మనిషి మూడుసార్లు పిలిచినా పలకకుండా, “అబ్బా, వీళ్లిద్దరూ ఒక్కసారి మాట్లాడుకుంటే ఏం పోయింది!” అని టీవీ మీద విసుక్కుంటాం.

కాబట్టి రచయితలకు నా విన్నపం. హీరో నిజం చెప్పబోయే క్షణంలో ఫోన్ మోగాల్సిందే. సైలెంట్‌లో ఉంటే ఎవరో ఒకరు తలుపు కొట్టాలి. ఉత్తరం రాస్తే అది విలన్ చేతికే అందాలి. హీరోయిన్ సగం మాటే వినాలి, ఆ సగం కూడా తప్పు సగమే అయ్యుండాలి. ఇక నిజం బయటపడే సీను చివరి ఎపిసోడ్‌లో, అదీ ఎయిర్‌పోర్టులోనే జరగాలి. టికెట్ లేకుండా సెక్యూరిటీ దాటి లోపలికి ఎలా పరిగెత్తాడని అడిగేవాళ్లుంటే, వాళ్లకోసం బోలెడన్ని డాక్యుమెంటరీలున్నాయి.